బెజవాడ, గుంటూర్లో ఉల్లిపాయలు, బంగాళదుంపలు హోల్‌సేల్లో కొనాలంటే: రేటు చూడటం నుంచి బస్తా దింపుకునేదాకా

కర్రీ పాయింట్ వాళ్ళు, టిఫిన్ సెంటర్ వాళ్ళు, మెస్ నడిపేవాళ్ళు, చిన్న కిరాణా కొట్టు వాళ్ళు, అపార్ట్‌మెంట్లో నాలుగిళ్ళు కలిసి బస్తా తెచ్చుకుని పంచుకునేవాళ్ళు, ఎవరైనా సరే మార్కెట్టుకి ఫోన్ కొట్టగానే అడిగేది ఒకటే, "ఇవ్వాళ ఉల్లి ఎంతండీ?" అని. వాళ్ళు ఒక నంబర్ చెప్తారు, మనం ఇంకో కొట్టుకి ఫోన్ చేస్తాం, అక్కడ రెండ్రూపాయలు తక్కువ చెప్తే అక్కడికి పరిగెత్తుతాం. నన్నడిగితే ఆ నంబర్‌తో మీకు సగం పనే అయింది. మీకు కావాల్సిన రేటు వేరే ఉంది, హమాలీ, ఆటో, గోతం బరువు, కుళ్ళు అన్నీ పోగా మీ వంటింట్లో నిజంగా వాడుకునే కేజీకి ఎంత పడింది అనేది. అది తెలిస్తే ఒక్కోసారి రెండ్రూపాయలు ఎక్కువ చెప్పిన కొట్టే చవక పడిద్ది. ఎలాగో కింద లెక్కేసి చూపిస్తా, ముందు మాత్రం రేటు ఎక్కడ చూడాలో, ఎలా చదవాలో చూద్దాం.

మొదటి పని: ఫోన్లో రేటు చదవడం

అగ్‌మార్క్‌నెట్ అని కేంద్ర ప్రభుత్వం సైట్ ఒకటుంది, దేశంలో మార్కెట్ యార్డుల రేట్లు రోజూ అందులో పెడతారు. సరుకు పేరు, రాష్ట్రం, తేదీ సెలెక్ట్ చేస్తే ఒక్కో యార్డుకి ఎన్ని టన్నులు వచ్చాయి, తక్కువ ధర ఎంత, ఎక్కువ ధర ఎంత, మోడల్ ధర ఎంత అని చూపిస్తది. ఇక్కడ చూడాల్సింది మోడల్ ధర, అంటే ఆరోజు ఎక్కువ సరుకు ఏ రేటు మీద అమ్ముడైందో అది. ఎక్కువ ధర చూసి గుండె బాదుకోవద్దు, అది ఏదో ఒక మంచి లాటుకి పడ్డ రేటు అయ్యుంటది, తక్కువ ధరేమో తడిసిన సరుకుదో గోళీ సైజుదో అయ్యుంటది. రేట్లన్నీ క్వింటాకి ఉంటాయి కాబట్టి 100తో భాగిస్తే కేజీ రేటు వచ్చేసిద్ది, 1,850 కనిపిస్తే పద్దెనిమిదిన్నర అన్నమాట.

ఒక్కరోజు రేటు చూసి ఏమీ తేల్చకండి. కనీసం ఒక వారం రేట్లు వరసగా పెట్టుకుని చూడాలి, రేటు పక్కనే వచ్చిన సరుకు కూడా చూడాలి. రేటు పెరిగి సరుకు తగ్గిందంటే అది నిజమైన పెరుగుదల, ఇంకొన్నాళ్ళు ఉండే ఛాన్స్ ఉంది. రేటు పెరిగింది, సరుకు మాత్రం బాగానే వస్తోందంటే ఎవరో గట్టిగా కొంటున్నారు, లేదా వాన భయంతో పాడిన పాట, అది దిగొచ్చే అవకాశం ఎక్కువ.

కేంద్రంలో వినియోగదారుల వ్యవహారాల శాఖ కూడా రోజూ ఊళ్ళవారీగా హోల్‌సేల్, రిటైల్ ధరలు పెడతది. మన ఏరియాలో హోల్‌సేల్‌కీ రిటైల్‌కీ తేడా ఎంతుందో తెలుసుకోవడానికి అది పనికొస్తది, కొట్టు పెట్టినోళ్ళకి మరీ.

రైతు బజార్ బోర్డు మీదున్న రేటుని మాత్రం హోల్‌సేల్ రేటు అనుకోకండి. 1999లో రైతు బజార్లు మొదలైనప్పట్నుంచీ పద్ధతి అదే, హోల్‌సేల్‌కి కాస్త పైన, బయట రిటైల్‌కి కాస్త కింద ఉండేలా రోజూ పొద్దున్నే రేటు ఫిక్స్ చేసి బోర్డు మీద రాస్తారు. పటమట రైతు బజార్లోనో, గుంటూరు చుట్టుగుంట రైతు బజార్లోనో బోర్డు రేటు చూసి వెళ్ళారంటే హోల్‌సేల్ కొట్టాయనతో బేరానికి ఒక పైగీత దొరికినట్టే, బస్తాల్లెక్కన కొంటూ ఆ రేటు కంటే ఎక్కువ ఇవ్వాల్సిన పని లేదుగా.

సరుకు ఎక్కడిదో తెలిస్తే రేటు ఎటు పోయిద్దో తెలుస్తది

మన దగ్గర ఉల్లి అంటే ప్రధానంగా రెండు దారులు. ఒకటి కర్నూలు, రెండోది మహారాష్ట్ర. మహారాష్ట్రలో నాసిక్ జిల్లా లాసల్‌గావ్ యార్డు ఉల్లికి పెద్ద దిక్కు, దేశమంతా ఆ రేటు చూసే మాట్లాడుకుంటారు. షోలాపూర్ కూడా పెద్ద మార్కెట్టే, మనకి నాసిక్ కంటే దగ్గర. ఇవి కాక పశ్చిమ గోదావరిలో తాడేపల్లిగూడెం ఉంది, అక్కడికి కర్నూలు సరుకూ మహారాష్ట్ర సరుకూ రెండూ దిగుతాయి, అక్కణ్ణుంచి గోదావరి జిల్లాలకీ ఉత్తరాంధ్రకీ ఒడిశాకీ పోయిద్ది. బెజవాడ రేటు తేడాగా అనిపిస్తే గూడెం రేటు ఒకసారి కనుక్కోండి, రెండు ఊళ్ళకీ పెద్ద దూరం లేదు కాబట్టి తేడా మరీ ఎక్కువుంటే ఎక్కడో లోడు ఆగిందనో, మీకు చెప్పే ఆయన లాగుతున్నాడనో అర్థం.

దూరం లెక్క కూడా కట్టుకోవాలి. లాసల్‌గావ్‌లో క్వింటా 1,600 ఉంటే ఇక్కడ 1,600కి ఎవరూ ఇవ్వరు. అక్కడ లోడింగ్, బస్తాలు, లారీ కిరాయి, దార్లో తరుగు, ఇక్కడ దించుడు, వ్యాపారి లాభం అన్నీ కలవాలి. ఉదాహరణకి 20 టన్నుల లోడుకి కిరాయి 60,000 అనుకోండి, కేజీకి 3 రూపాయలు ఒక్క కిరాయికే పోయింది. నెలకోసారి కిరాయి ఎంత నడుస్తోందో కొట్లోనే మాటల్లో పెట్టి అడిగితే చెప్తారు, అదేం రహస్యం కాదు. అక్కడి మోడల్ ధరకి ఈ ఖర్చులు కలిపి చూస్కుంటే ఇక్కడ న్యాయమైన రేటు ఎంతుండాలో ఇంట్లో కూర్చునే తెలుస్తది, దాని మీద రూపాయో రెండో అటూఇటూ అయితే కళ్ళు మూసుకుని కొనుక్కోవచ్చు.

ఇంకో విషయం, ఇది ఎవరూ ఓపెన్‌గా చెప్పరు గానీ మార్కెట్లో తిరిగేవాళ్ళందరికీ తెలుసు. రేటు పెరిగితే ఫోన్లో వస్తది, తగ్గితే లారీలో వస్తది. అంటే లాసల్‌గావ్‌లో పొద్దున పాట పెరిగిందంటే మధ్యాహ్నానికల్లా ఇక్కడ పాత సరుక్కి కూడా కొత్త రేటు చెప్తారు, అదే అక్కడ తగ్గిందనుకోండి "ఇది పాత రేటుకి తెచ్చిన సరుకండీ, రేపు కొత్త లోడు వస్తే చూద్దాం" అంటారు. తప్పని నేననను, వ్యాపారం అంతే. కానీ మీకు తెలిసుండాలి: అక్కడ తగ్గినట్టు ఫోన్లో కనిపిస్తే ఇక్కడ రెండుమూడు రోజులు ఆగి, అప్పటిదాకా చిల్లరగా సరిపెట్టుకుని, కొత్త లోడు దిగాక పెద్ద కొనుగోలు పెట్టుకోండి.

నెలల లెక్క

ఉల్లి ఏడాదికి మూడు విడతల్లో వస్తది. రబీ ఉల్లి మార్చి నుంచి మే మధ్యలో తవ్వుతారు, దేశంలో పండే ఉల్లిలో ఎక్కువ భాగం ఇదే, బాగా ఆరిన సరుకు, నిల్వ ఆగుద్ది, మహారాష్ట్ర రైతులు దాన్ని గాలాడే షెడ్లలో పెట్టి అక్టోబర్, నవంబర్ దాకా కొంచెం కొంచెంగా వదుల్తారు. ఖరీఫ్ ఉల్లి అక్టోబర్ నుంచి డిసెంబర్ మధ్య, తర్వాత లేట్ ఖరీఫ్ జనవరి నుంచి మార్చి దాకా. కర్నూలు ఖరీఫ్ సరుకు ఆగస్టు, సెప్టెంబర్ నుంచే యార్డుకి దిగడం మొదలయిద్ది.

దీన్నిబట్టి మీ కొనుగోలు ఇలా పెట్టుకోవచ్చు. ఏప్రిల్, మే నెలల్లో మామూలుగా రేటు కింద ఉంటది, సరుకు గట్టిగా ఉంటది, చోటు ఉండి గాలి ఆడేవాళ్ళు నెలకి సరిపడా బస్తాలు అప్పుడే తీసి పెట్టుకోవచ్చు. జూలై దాటాక పాత ఉల్లిలో మొలకలు, తరుగు మొదలవుతాయి, రేటు నెమ్మదిగా ఎక్కుద్ది. సెప్టెంబర్ నుంచి నవంబర్ దాకా మాత్రం జాగ్రత్త, పాత సరుకు అడుక్కొచ్చేసి కొత్తది ఇంకా సరిగ్గా రాని గ్యాప్ అది, అప్పుడే మహారాష్ట్రలోనో కర్నూల్లోనో వాన దంచిందంటే రేటు ఎక్కడాగిద్దో చెప్పలేం. 2019లో అదే జరిగింది, డిసెంబర్‌కి రిటైల్ కేజీ వంద దాటితే మన ప్రభుత్వం రైతు బజార్లలో 25 రూపాయలకి ఇచ్చింది, జనం ఆధార్ కార్డులు పట్టుకుని క్యూలో నిలబడ్డారు. దానికి పూర్తి రివర్స్ 2025లో చూశాం, ఆగస్టు, సెప్టెంబర్లో కర్నూలు యార్డులో రేటు పడిపోతే ప్రభుత్వం మార్క్‌ఫెడ్‌తో, అంటే రాష్ట్ర సహకార మార్కెటింగ్ సంస్థతో, క్వింటా 1,200కి కొనిపించాల్సొచ్చింది, తర్వాత హెక్టారుకి 50,000 సాయం ప్రకటించింది. ఒకటే సరుకు, రెండు రకాల కథలు. కాబట్టి "సెప్టెంబర్ వచ్చింది, పెరిగిద్ది" అని గుడ్డిగా బస్తాలు నింపుకోకండి, వాన కబురూ యార్డుకొచ్చే సరుకూ రెండూ చూసి నిర్ణయం తీసుకోండి.

దీపావళికి నాసిక్ వైపు యార్డులు కొన్ని రోజులు మూసేస్తారు. ఆ టైంలో ఇక్కడ సరుకు టైట్ అయిద్ది, దానికి వారం ముందే సర్దుకోవాలి. మన వైపు డిమాండ్ కూడా నెలల్ని బట్టి ఊగుద్ది. కార్తీక మాసం, అయ్యప్ప మాలలు, భవానీ దీక్షలు నడిచే రోజుల్లో ఇళ్ళల్లో ఉల్లి వాడకం తగ్గి బంగాళదుంప వాడకం పెరిగిద్ది, మెస్సులోళ్ళకి ఇది బాగా తెలుసు. రంజాన్‌లో హలీం, బిర్యానీ కోసం ఉల్లి లాగుతారు. పెళ్ళి ముహూర్తాలు వరసగా పడితే క్యాటరింగ్ వాళ్ళు ముందురోజే పెద్ద సైజు సరుకంతా ఎత్తుకుపోతారు, ఆరోజు మీరు ఏడింటికి వెళ్తే మిగిలేది ఏంటో చెప్పక్కర్లేదు.

ఢిల్లీ కబురు మీద ఒక కన్నేయండి

ఉల్లి రేటుని వాన ఎంత కదిలిస్తదో ఢిల్లీ నోటిఫికేషన్ కూడా అంతే కదిలిస్తది. 2023 ఆగస్టులో ఎగుమతి మీద 40 శాతం సుంకం వేశారు, డిసెంబర్లో ఎగుమతే ఆపేశారు. 2024 మే 4న మళ్ళీ తెరిచారు గానీ టన్నుకి 550 డాలర్లు కనీస ధర (అంతకంటే తక్కువకి బయటికి అమ్మకూడదు), దాని మీద 40 శాతం సుంకం పెట్టారు, సెప్టెంబర్లో కనీస ధర తీసేసి సుంకం 20కి తగ్గించారు, 2025 ఏప్రిల్ 1 నుంచి ఆ 20 కూడా ఎత్తేశారు. రూల్ సింపుల్: ఎగుమతి ఆపితే లోపల రేటు పడిద్ది, తెరిస్తే ఎక్కుద్ది. న్యూస్‌లో ఈ మాట వినిపించిన రోజు పెద్ద బేరం పెట్టుకోకండి, రెండ్రోజులు ఆగితే మార్కెట్ ఎటు కూర్చుందో తెలుస్తది. కేంద్రం తరఫున కొనే సహకార సంస్థలు నాఫెడ్, ఎన్‌సీసీఎఫ్ వాళ్ళు రబీలో కొని నిల్వ పెట్టిన బఫర్ ఉల్లిని ఆగస్టు, సెప్టెంబర్ తర్వాత వదుల్తుంటారు, అది కూడా పెరుగుదలకి కొంచెం బ్రేక్ వేస్తది.

రేటు మరీ ముదిరితే స్టాక్ లిమిట్ పెడతారు, అంటే ఒక్కో వ్యాపారి ఇంతకు మించి సరుకు నిల్వ పెట్టుకోకూడదని. 2020 అక్టోబర్లో హోల్‌సేల్ వాళ్ళకి 25 టన్నులు, రిటైల్ వాళ్ళకి 2 టన్నులు అని పెట్టారు. కొట్టు ఉన్నవాళ్ళు అలాంటి టైంలో ఎక్కువ సరుకు పెట్టుకుంటే ఇబ్బంది పడతారు.

మార్కెట్టుకి వెళ్ళాక

బెజవాడలో అయితే వన్‌టౌన్ వైపు కాళేశ్వరరావు మార్కెట్, ఇంకా రాజీవ్‌గాంధీ హోల్‌సేల్ కూరగాయల మార్కెట్, గుంటూర్లో అయితే కొల్లి శారద మార్కెట్. తెల్లవారుజామునే వెళ్ళండి, లారీ దిగేటప్పుడు ఉంటే సరుకు మీరే ఏరుకోవచ్చు. లేటుగా వెళ్తే రేటు కొంచెం తగ్గించి ఇస్తారు నిజమే కానీ అది ఏరగా మిగిలిన సరుకు.

వెళ్ళగానే బేరం మొదలెట్టకండి, ముందు రెండుమూడు కొట్లు తిరిగి సరుకు చూడండి, ఏ లారీ ఎక్కణ్ణుంచి వచ్చింది, ఎప్పుడు దిగింది అడగండి. తర్వాత రేటు అడిగేటప్పుడు నాలుగు మాటలు కలిపి అడగండి: ఈ రేటు గోతంతో కలిపి తూకానికా, గోతం తీసేసా? హమాలీ ఎవరిది? కమీషన్ విడిగా ఏమైనా ఉందా? క్యాష్ అయితే ఎంత, అరువైతే ఎంత? ఈ నాలుగూ ముందే మాట్లాడకపోతే బిల్లు రాసేటప్పుడు ఒక్కోటి బయటికొస్తది. తాజా ఉల్లికీ బంగాళదుంపకీ జీఎస్టీ లేదు, ఎవరైనా బిల్లులో ఆ పేరుతో కలిపితే తీసేయమనండి. అరువు గురించి ఒక్క మాట, వారం అరువు పెట్టుకుంటే కేజీకి రూపాయి ఎక్కువేస్తారనుకుందాం, ఇరవై రూపాయల సరుకు మీద వారానికి రూపాయంటే ఎంత వడ్డీయో మీరే లెక్కేసుకోండి, బంగారం తాకట్టు పెట్టినా అంత పడదు.

ఉల్లి బస్తా చూసేటప్పుడు పైన కనిపించే వరస చూసి మోసపోవద్దు. జాలీ బస్తా అయితే అన్ని వైపులా తిప్పి చూడండి, గోనె బస్తా అయితే నడుమ్మీదా అడుగునా చెయ్యి పెట్టి నొక్కండి, తడి మరక ఉన్నా పుల్లటి వాసనొచ్చినా ఈగలు ముసిరినా ఆ బస్తా పక్కన పెట్టేయండి. ఒకట్రెండు పాయలు తీసి మెడ దగ్గర బొటనవేలితో నొక్కాలి, మెడ సన్నగా ఎండిపోయి గట్టిగా ఉంటే ఆగే సరుకు, మెత్తగా లావుగా ఉంటే పచ్చి సరుకు, నాలుగైదు రోజుల్లో వాడేసేటట్టయితేనే తీసుకోండి. పొర మీద నల్లటి మసి ఉంటే బూజు మొదలైనట్టు. కర్నూలు ఉల్లిలో నీరు ఎక్కువ, పొర పల్చన, కూరకి బాగుంటది, రేటు తక్కువుంటది, నిల్వకి మాత్రం పనికిరాదు. నాసిక్ పాత ఉల్లి పొర దళసరి, ఆరినది, బిర్యానీకి వేయించడానికి అదే బెస్ట్. హోటల్ వాళ్ళు సైజు కూడా చూస్కోవాలి, గోళీ సైజు కేజీకి తక్కువ రేటు కానీ ఒలిచే మనిషి కూలీ డబల్ అయిద్ది. అదే రోడ్డు పక్కన సాంబారుకి వేసేవాళ్ళకైతే ఆ చిన్నవే లాభం.

ఇప్పుడు అసలు లెక్క

కాటా దగ్గర నిలబడండి. ఖాళీ కాటా సున్నా చూపిస్తోందా, తూనికలు కొలతల శాఖ సీలు ఉందా చూసి, మీ బస్తాలు మీ ఎదురుగానే వేయించుకోండి. బస్తా మీద 50 కేజీలు అని ఉంటే 50 ఉంటాయని కాదు, ఉల్లి దార్లోనే ఆరిపోయి బరువు తగ్గిద్ది.

రెండు లాట్లు అనుకుందాం, నంబర్లు ఉదాహరణకే. మొదటి లాటు క్వింటా 2,000, రెండోది 1,800. యాభై కేజీల గోనె బస్తా తీసుకుంటే మొదటిది 1,000, రెండోది 900. హమాలీ, ఆటో కలిపి బస్తాకి 30 వేసుకోండి, 1,030, 930 అయ్యాయి. గోతం బరువు అరకేజీ. ఇంటికెళ్ళి ఏరితే మొదటి లాట్లో 3 కేజీలు పోయాయి, వాడుకోవడానికి 46.5 కేజీలు మిగిలాయి, కేజీ 22 రూపాయల 15 పైసలు పడింది. రెండో లాటు కొంచెం తడి సరుకు, 8 కేజీలు పోయాయి, 41.5 మిగిలాయి, కేజీ 22 రూపాయల 41 పైసలు. క్వింటాకి 200 తక్కువని తెచ్చింది కేజీకి పావలా ఎక్కువ పడింది, పైగా ఏరే పని, కంపు అదనం.

ఈ లెక్క పెద్ద కష్టం కాదు, కొన్నప్పుడల్లా ఏరగా పోయింది తూచి ఒక నోట్‌బుక్కులో రాసుకోండి, కొట్టు పేరు పక్కన పెట్టండి. రెండు నెలలు రాస్తే ఏ కొట్టు సరుకులో ఎంత పోతోందో తెలిసిపోయిద్ది, అప్పుడు బేరమాడటానికి మీ చేతిలో నిజమైన పాయింట్ ఉంటది. "అన్నా, మీ దగ్గర తెచ్చిన బస్తాలో ఆరేడు కేజీలు పోతోంది, ఆ తేడా వేసి ఇవ్వు" అంటే ఊరికే "తగ్గించన్నా" అన్న దానికంటే ఎక్కువ పనిచేస్తది.

బంగాళదుంప సంగతి వేరే

దుంప మన దగ్గర పెద్దగా పండదు. ఉత్తరప్రదేశ్‌లో ఆగ్రా వైపు నుంచీ, పశ్చిమ బెంగాల్ నుంచీ రావాలి. జనవరి నుంచి మార్చి దాకా తవ్వుతారు, అప్పుడు కొత్త దుంప, పొర చేత్తో రాస్తే ఊడొస్తది, రేటు తక్కువుంటది. ఫిబ్రవరి, మార్చిలో కోల్డ్ స్టోరేజీలకి ఎక్కించేస్తారు, అక్కణ్ణుంచి నవంబర్ దాకా మనం తినేది ఆ స్టోరేజీ దుంపే. అందుకే దుంప రేటు ఉల్లిలాగా ఒక్క వానకి ఎగరదు, స్టోరేజీలో ఎంత సరుకు ఎక్కింది అన్నదాని మీద ఏడాదంతా నడుస్తది. ఏడాది చివర్లో స్టోరేజీ ఖాళీ చేసే టైంకి కొత్త పంట లేటయితే పెరిగిద్ది. ఇంకో రిస్కు బెంగాల్, అక్కడ రేటు పెరిగితే బయటి రాష్ట్రాలకి లారీలు పోనివ్వరు, 2024లో బోర్డర్లో ఆపేస్తే ఒడిశా బాగా ఇబ్బంది పడింది. ఆ కబురు వింటే ఆగ్రా దుంపకి కూడా గిరాకీ పెరిగి మన దగ్గర రేటు కదుల్తది.

చిప్స్, ఫ్రై అమ్మేవాళ్ళు ఇది గుర్తుపెట్టుకోండి. బాగా చల్లటి స్టోరేజీలో, అంటే 2 నుంచి 4 డిగ్రీల్లో పెట్టిన దుంపలో పిండి చక్కెరగా మారుద్ది, నూనెలో వేయగానే నల్లబడిద్ది, తింటే తియ్యగా ఉంటది. కూరకి, పూరీ కుర్మాకి పర్లేదు. చిప్స్‌కి చిప్సోనా లాంటి రకాలు అడగండి, వాటిని కొంచెం ఎక్కువ ఉష్ణోగ్రతలో పెడతారు. బస్తాలన్నీ కొనేముందు రెండు దుంపలు తెచ్చుకుని వేయించి చూడటం అన్నిటికంటే సేఫ్. పచ్చరంగు తిరిగినవి ఏ రేటుకిచ్చినా వద్దు, వెలుతురు తగిలి అలా అయినవి, చేదు, ఒంటికి మంచిది కాదు. మట్టి ఎక్కువ అంటుకున్న దుంపైతే ఆ బరువు కూడా పైన చెప్పిన లెక్కలో తీసేయండి.

తెచ్చాక

ఉల్లినీ దుంపనీ ఒకే గదిలో పక్కపక్కన వేయకండి. ఉల్లికి గాలి కావాలి, దుంపకి చీకటి కావాలి, కలిపి పెడితే రెండూ తొందరగా పాడవుతాయి. నేల మీద నేరుగా కాకుండా కింద చెక్కలో ఇటుకలో వేసి వాటి మీద పెట్టండి. మే ఎండల్లో రేకుల షెడ్డు కింద దుంప బస్తాలు పెట్టొద్దు, బెజవాడ ఎండకి నాలుగు రోజుల్లో నీరు కారుద్ది. వానాకాలంలో రోడ్డు మట్టానికి కిందుండే గోడౌన్ అయితే సరుకు తక్కువ పెట్టుకోవడమే మంచిది, 2024 సెప్టెంబర్లో బుడమేరు పొంగినప్పుడు సింగ్‌నగర్ వైపు కొట్లు ఏమయ్యాయో అందరం చూశాంగా. ప్రభుత్వం ఇంటింటికీ ఇచ్చిన సాయంలో బియ్యంతో పాటు రెండేసి కేజీల ఉల్లిపాయలు, బంగాళదుంపలు కూడా పెట్టింది, అంతటి నిత్యావసరాలు ఇవి.

రెండ్రోజులకోసారి బస్తాలు తిరగేసి కుళ్ళింది తీసేయండి, ఒక్కటి వదిలేస్తే పక్కనోటికి అంటుద్ది. మొలకలొచ్చినవి ముందు వాడేయండి. ఇక ఖాళీ గోతాలు పారేయకండి, మంచివి పాత గోతాలు కొనేవాళ్ళు తీసుకుంటారు, వచ్చిన డబ్బులు నోట్‌బుక్కులో ఆ బస్తా ఖర్చులోంచి కొట్టేయండి.